పదహారు పేజీలు లేని నవల

ఆన్‌లైన్ దుకాణంలో ఆ నవల బొమ్మ కింద తెలుగులో నాలుగు వాక్యాలు ఉండేవి. వాటిని రాసింది నేను. ఈ సంగతి ఇంట్లో చెప్పలేదు, అక్కకు చెప్పలేదు, ముందుగా చెప్పవలసిన మనిషికి అసలే చెప్పలేదు. ఏ చిన్న విషయమూ వదలకుండా రాసుకునే నా డైరీలో కూడా ఆ రోజు కింద "పని అయింది, పంపించాను" అని మాత్రమే ఉంది.

ఆ నాలుగు వాక్యాలూ నిజానికి నావి కావు. వనపర్తిలో మా సందు మొదట్లో పుస్తకాల దుకాణం నడిపిన చాచావి.

ఆయన మాకు బంధువు కాదు. సందులో అందరికీ చాచాయే. బస్టాండు నుంచి పాలిటెక్నిక్ వైపు పోయే దారిలో మా సందు తిరిగే మూల మీద ఆ దుకాణం ఉండేది. ముందు భాగమంతా నోటు పుస్తకాలు, గైడ్లు, రికార్డులు, చార్టులు, పరీక్ష అట్టలు. వెనక గోడకు రెండు ర్యాకుల నిండా కథలూ నవలలూ. "ముందటియి కడుపుకు, ఎనకటియి నాకు" అనేవాడు. జూన్ నెలలో ముందటివి అమ్ముడుపోతే ఆ బలంతో మిగిలిన పదకొండు నెలలు వెనకటివి బతికేవి.

నేను ఇంటర్ రెండో సంవత్సరంలో ఫిజిక్స్ రికార్డు కోసం మొదటిసారి వెళ్లాను. నోరు తెరిచి అడగడం నాకు చేతకాదు. ఏ దుకాణానికి వెళ్లినా కావలసినవి చీటీ మీద రాసి ఇచ్చేదాన్ని. ఆయన చీటీ చదివి రికార్డు తీశాడు. పక్కన స్టూలు మీద కూర్చుని పుస్తకాలకు అట్టలు వేస్తున్న ఆయన భార్య చాచీ నన్ను ఎగాదిగా చూసింది.

"పాపం, మాటలు రావా ఏంది గీ పిల్లకు?"

"వస్తయి. పొదుపు చేస్తుంది" అన్నాడు చాచా.

ఆ మాటకు నాకు కోపం రాలేదు. మరునాడు ఏ పనీ లేకుండానే వెళ్లాను. వెనక ర్యాకు దగ్గర నిలబడి పుస్తకాలు చూస్తుంటే ఎవరూ ఏం కావాలని అడగలేదు. ఎవరూ ఏమీ అడగని చోటు ఆ వయసులో నాకు ఇంకొకటి లేదు.

ఆయన అమ్మకానికి ఒక పద్ధతి ఉండేది. వెనక ర్యాకులోంచి ఎవరు పుస్తకం తీసినా రెండు ముక్కలు చెప్పకుండా చేతికి ఇచ్చేవాడు కాదు. మొదటి ముక్క కథ ఎట్లా మొదలవుతుందో, రెండో ముక్క ఎట్లా ముగుస్తుందో. అవును, ముగింపు చెప్పేసేవాడు. "మొదలు నేను చెప్త, చివర నేను చెప్త, నడుమ నువ్వు సదువుకో" అనేవాడు. హైస్కూలులో తెలుగు చెప్పే సారు ఒకాయన సాయంత్రాలు అక్కడికి వచ్చి కూర్చునేవాడు. ఈ విషయం మీద ఆయనకు చాచాతో రోజూ కొట్లాటే.

"చివర చెప్పినంక ఎవడు కొంటడు చాచా? నీ బేరం నువ్వే చెడగొట్టుకుంటున్నవు."

"పెండ్లికి పోతవు గద సారూ. ఎవడు ఎవర్ని చేస్కుంటుండో పత్రికల సదువుకొనే పోతవు. అయినా పోతవు."

"పెండ్లంటే భోజనముంటది."

"గా భోజనమే నడుమ ఉన్నది. కూసొని తిను."

ఆ రెండు ముక్కలను నేను ఇంటికి వచ్చి డైరీలో రాసుకునేదాన్ని. ఎవరు ఏ పుస్తకం కొన్నారు, ఆయన ఏమన్నాడు, ఏ మాట దగ్గర ఆగి కొంగు సర్దుకుంటున్న చాచీ వైపు చూశాడు, అన్నీ. నేను కొనలేని పుస్తకాలు అట్లా నా దగ్గరికి వచ్చేవి. ఇంటర్ అయిపోయి డిగ్రీ పూర్తయ్యేసరికి అట్టలు ఊడిన నోటు పుస్తకాలు ఒక సంచి నిండా అయ్యాయి. ఆ నోటు పుస్తకాలు కూడా ఆయన దుకాణంలో కొన్నవే.

నేను చెప్పబోయే నవల సన్నగా, ఎర్ర అట్టతో కింది అరలో ఒక మూలన ఉండేది. ఒకరోజు తీశాను. చాచా లేచి వచ్చి నా చేతిలోంచి తీసుకున్నాడు.

"గది అమ్మేది గాదు బిడ్డా. చివరి ఫారం లేదు."

నాకు అర్థం కాలేదని చూసి విప్పి చూపించాడు. పుస్తకాన్ని పదహారేసి పేజీల మడతలుగా అచ్చు వేస్తారట. ఒక్కొక్క మడత ఒక ఫారం. వాటిని వరసగా పేర్చి కుట్టేవాళ్లు ఈ కాపీలో చివరిది మరిచిపోయారు. వాపసు పంపుదామంటే ఆ ప్రెస్సే మూతపడింది. ఇంకొక కాపీ ఎక్కడా దొరకలేదు.

"ఊరికే తీస్కపో. అమ్మితే పాపం తగుల్తది" అన్నాడు. తర్వాత మామూలుగా మొదటి ముక్క చెప్పాడు. ఒక చిన్న ఊరిలో దర్జీ. ఒక ఆఫీసు గుమాస్తా కోటు కుట్టమని కొలతలిచ్చి, మంచి గుడ్డ ఇచ్చి పోతాడు. మళ్లీ రాడు. కోటు దుకాణంలో మేకుకు ఏళ్ల తరబడి వేలాడుతూ ఉంటుంది.

"చివర?" అన్నాను.

ఆ దుకాణంలో నేను పైకి పలికిన మొదటి మాట అది. చాచీ చేతిలో కత్తెర ఆగింది. చాచా ఫ్యాను వైపు చూశాడు, మెడలో తువాలు తీసి మళ్లీ వేసుకున్నాడు.

"చివర... కోటుకు ఎవ్వరు రారు. ఒకనాడు పొద్దుగాల దర్జీ దుకాణం తియ్యడు. గా కోటు తనే తొడుక్కుంటడు. బజారంత నడుస్తడు. ఎవరో పెద్ద సారొచ్చిండని మనుషులు లేసి నిలబడ్తరు. పక్క దుకాణపాయన సుత గుర్తు పట్టడు."

"అంతేనా?"

"గంతే. ఇంటికొచ్చి కోటు ఇడిసి మల్ల మేకుకే తగిలిస్తడు."

ఆ ముగింపు నన్ను చాలా రోజులు వదలలేదు. ఆ నవలను నేను ఆరేడుసార్లు చదివి ఉంటాను. ప్రతిసారీ అచ్చు ఎక్కడ ఆగిపోతుందో అక్కడి నుంచి చాచా గొంతు అందుకునేది.

డిగ్రీ అయ్యాక నాగర్‌కర్నూల్‌లో ఒక ప్రైవేటు బడిలో ఉద్యోగంలో చేరాను. ఆరో తరగతి పిల్లల ముందు నిలబడితే గొంతు రాలేదు. బోర్డు మీద రాయడమే తప్ప పాఠం చెప్పలేకపోయాను. నెల తిరగకముందే ఇంటికి వచ్చేశాను. కానీ ఆ నెలలో ఒకటి చూశాను. ఆ బడికి ఎన్నో ఊర్లలో బ్రాంచీలు ఉన్నాయి. పుస్తకాలు, నోటు పుస్తకాలు, చివరికి వాటి మీద అంటించే పేరు చీటీలతో సహా బడిలోనే కొనాలి. బయట కొన్న నోటు పుస్తకం తెచ్చిన పిల్లవాడిని తరగతి బయట నిలబెట్టారు. ఆ తర్వాతి ఏడాది వనపర్తిలో కూడా ఆ బ్రాంచీ తెరిచారు.

చాచా జూన్ నెల అట్లా పోయింది. రోడ్డుకు అవతల పెద్ద మార్టు వచ్చింది. దాని పై అంతస్తులో నోటు పుస్తకాలు రెండు కొంటే ఒకటి ఉచితం. పోటీ పరీక్షల గైడ్ల కోసం వచ్చే కుర్రవాళ్లు దుకాణంలో నిలబడి పేరు చూసుకుని, అక్కడే ఫోనులో దాని పీడీఎఫ్ వెతుక్కునేవాళ్లు. "దొరికిందా?" అని చాచాయే అడిగేవాడు. "దొరికింది చాచా" అని మర్యాదగా చెప్పి వెళ్లిపోయేవాళ్లు.

మా సందులో ఇళ్లకు నంబర్లు సరిగా ఉండవు. ఆన్‌లైన్‌లో ఏం తెప్పించుకున్నా అందరూ అడ్రసులో "పుస్తకాల దుకాణం సందు" అనే రాస్తారు. ఇంట్లో ఎవరూ లేకపోతే పార్సిల్ తెచ్చే ఆయన ప్యాకెట్లు చాచా బల్ల మీదే పెట్టి పోయేవాడు. వాటిలో పుస్తకాలు కూడా ఉండేవి. చేత్తో తడిమితేనే చాచాకు తెలిసిపోయేది. "గిది పుస్తకమే. మీ ఇంటిదే తీస్కపో" అని పిలిచి ఇచ్చేవాడు. తీసుకునేవాళ్లు సిగ్గుపడేవాళ్లు కాదు. సిగ్గుపడాలని కూడా వాళ్లకు తోచేది కాదు.

వాళ్లను తప్పుపట్టే హక్కు నాకు లేదు. నేను చేసింది ఇంకా పెద్దది.

ఇంట్లో ఖాళీగా కూర్చున్న రోజుల్లో డిగ్రీలో నా పక్కన కూర్చున్న అమ్మాయి ఒక పని చెప్పింది. పుస్తకాలు అమ్మే ఒక ఆన్‌లైన్ కంపెనీకి తెలుగులో చిన్న చిన్న పరిచయాలు రాసిపెట్టాలి. ఒక్కో పుస్తకానికి నాలుగు వాక్యాలు. ఎవరితోనూ మాట్లాడనక్కరలేదు. అట్ట ఫొటో పంపుతారు, పుస్తకం పంపరు. చదివినట్టు రాయాలి, ఆ మాట వాళ్ల సూచనల్లోనే ఉంది. మొదటి జాబితా ఫోనులో తెరిచి చూశాను. సగానికి పైగా నా సంచిలో ఉన్న పుస్తకాలే.

సంచి దింపాను. చాచా చెప్పిన రెండు ముక్కలను నాలుగు వాక్యాలు చేశాను. "ఉన్నది" అన్న చోట "ఉంది" అని, "గట్ల" అన్న చోట "అలా" అని మార్చాను. అంతకు మించి నేను చేసింది ఏమీ లేదు. కంపెనీ వాళ్లు చాలా బాగున్నాయని, చదివినవాళ్లు రాసినట్టే ఉన్నాయని మెయిల్ పంపారు. నన్ను ఒకరు మెచ్చుకోవడం అదే మొదటిసారి. ఇంకో జాబితా పంపమని నేనే అడిగాను.

అప్పుడు నాకు తప్పు చేస్తున్నానని తెలియలేదు అని రాస్తే అబద్ధం అవుతుంది. తెలుసు. పొద్దున పంపించి సాయంత్రం అదే దుకాణానికి వెళ్లి, వెనక ర్యాకు దగ్గర నిలబడి, ఆయన ఇంకెవరికో చెప్పే రెండు ముక్కలు వినేదాన్ని. ఇంతకుముందు ఇష్టంతో విన్నాను. ఇప్పుడు ఏ పుస్తకం జాబితాలో వస్తుందో అని లెక్క వేసుకుంటూ విన్నాను. ఆ తేడా నాకు తెలుసు.

ఒక జాబితాలో దర్జీ నవల కనిపించింది. ఎన్నో ఏళ్ల తర్వాత సిటీలో ఎవరో మళ్లీ అచ్చు వేశారు. కొత్త అట్ట మీద కత్తెర బొమ్మ. దుకాణానికి తెప్పిస్తే చాచాకు పడే ధర కంటే తక్కువకే ఆన్‌లైన్‌లో ఇస్తున్నారు. ఈ సంగతి దుకాణంలో కూడా తెలిసింది. చాచా సిటీకి రెండుసార్లు ఫోన్ చేయడం నేను విన్నాను.

"ఒక్కటంటే ఒక్కటి పంపుండ్రి సార్. బస్సుల ఏసినా తీస్కుంట." అవతల ఏమన్నారో విని ఫోను బల్ల మీద పెట్టాడు. "నాలుగైదు కాపీల కోసం పార్సిల్ కట్టరంట" అన్నాడు చాచీతో.

"ఆన్‌లైన్ల తెప్పించుకోరాదు?" అన్నది చాచీ.

"నా దుకాణం ముంగట నేనే పార్సిల్ ఇడిపించుకోవాల్నా?"

అమ్ముకోవడానికే అంత ఆరాటపడుతున్నాడని అనుకున్నాను. ఆయనకు ఇంకేదో కావాలని నాకు తోచలేదు.

ఆ నవలకు పరిచయం రాయడానికి నాకు పది నిమిషాలు కూడా పట్టలేదు. కంఠతా వచ్చిన కథ. నాలుగో వాక్యం ఇట్లా రాశాను: "చివరికి ఆ కోటును తానే తొడుక్కుని దర్జీ బజారంతా నడిచినప్పుడు, లేచి నిలబడినవాళ్లలో ఒక్కరు కూడా అతన్ని గుర్తుపట్టరు."

కొన్ని వారాల తర్వాత ఒక సాయంత్రం తెలుగు సారు దుకాణంలోకి వస్తూనే ఫోను ముందుకు చాచాడు. నేను వెనక ర్యాకు దగ్గర ఉన్నాను.

"చాచా, నీ బీమారి సిటీ దాంక అంటుకున్నది. గీడ జూడు, ఆన్‌లైనోళ్లు సుత చివర చెప్తుండ్రు."

"ఏం పుస్తకం?"

"ఏదో దర్జీదంట. నీ తీరే. మొదలు చెప్పిండ్రు, చివర చెప్పిండ్రు."

"సదువు."

సారు తరగతిలో చదివినట్టు గొంతు సవరించుకుని చదివాడు. నాలుగో వాక్యం అయ్యాక చాచీ నవ్వింది. "మీ తమ్ముడెవరో దొరికిండు సిటీల."

చాచా నవ్వలేదు. "చివరిది మల్లొకసారి సదువు సారూ" అన్నాడు.

సారు మళ్లీ చదివాడు. ఆ కాపీ ఆయన ఎవరికీ అమ్మలేదు. ఆ ముగింపు ఆయన ఒక్కరికే చెప్పాడు. ఆ ఒక్కరు ఆయనకు పది అడుగుల దూరంలో, చేతిలో ఏదో పుస్తకం తలకిందులుగా పట్టుకుని నిలబడి ఉన్నారు.

ఆయన నా వైపు చూడలేదు. అదే భరించలేకపోయాను. బల్ల మీద తడిగుడ్డ తీసుకుని, దుమ్ము లేని చోటే తుడిచాడు.

"అవు. దొరికిండు" అన్నాడు.

ఆ రోజు తర్వాత నేను లోపల ఉన్నంతసేపు ఆయన ఎవరికీ రెండు ముక్కలు చెప్పలేదు. ఒకసారి ఒక టీచరమ్మ పిల్లలకు బహుమతి ఇవ్వడానికి కథల పుస్తకం తీసుకుంది. "ఏముంది చాచా ఇందుల?" అని అడిగింది.

"సదువుకుంటే తెలుస్తదమ్మా."

"ఎప్పుడు చెప్తుంటివి గద?"

"యాదికి లేదు."

పుస్తకం కాగితంలో చుట్టి ఇచ్చాడు. ఆయనకు యాదికి లేని పుస్తకం ఆ ర్యాకులో ఒక్కటి కూడా లేదు. నన్ను తిట్టలేదు, రావద్దని అనలేదు. "కూసో బిడ్డా" అని స్టూలు కూడా జరిపాడు. మాటలు మాత్రం ఆపేశాడు. నేను వెళ్లడం తగ్గించాను. సందులోంచి బయటకు వెళ్లాలంటే దుకాణం ముందు నుంచే దారి. తల వంచుకుని చున్నీ సర్దుకుంటూ దాటేదాన్ని.

తర్వాత కంపెనీ నుంచి మెయిల్ వచ్చింది. నవల కొన్న ఒకాయన నా వాక్యాల కింద ఫిర్యాదు రాశాడు. "పుస్తకం తెరవకుండానే పరిచయం రాశారు. చివర ఇలా జరగనే జరగదు." రెండు రోజుల్లో సరిచేయమని కంపెనీ వాళ్లు అడిగారు.

నేను నమ్మలేదు. ఆయనే సరిగా చదవలేదని అనుకున్నాను. చాచా చెప్పింది తప్పు కావడం నా ఊహకు కూడా అందలేదు. అయినా పుస్తకం తెప్పించాను. వనపర్తికి తెప్పిస్తే ప్యాకెట్ ఎవరి బల్ల మీద పడుతుందో తెలుసు. అందుకని గద్వాలలో అక్క ఇంటి అడ్రసు ఇచ్చాను.

రెండో రోజు గద్వాల పోయేసరికి ప్యాకెట్ వచ్చి ఉంది. అక్క దాన్ని అటూ ఇటూ తిప్పి చూస్తోంది.

"పుస్తకమా? మీ సందు పేరే పుస్తకాల దుకాణం సందు. గాడ దొరకనిది మా ఊర్ల దొరుకుతదని వచ్చినవా?"

"ఊరికే, నిన్ను చూద్దామని" అన్నాను.

"నన్ను చూడనీకి పార్సిల్ ముందుగాల పంపినవు" అంది అక్క, టీ పెట్టడానికి లేస్తూ.

పక్కింట్లో మగ్గం చప్పుడు వినబడుతుండగా వెనక వసారాలో కూర్చుని నేరుగా చివరి పదహారు పేజీలు తెరిచాను. దర్జీ కోటు తొడుక్కోడు. ఒక మధ్యాహ్నం దాన్ని మేకు మీంచి తీసి, ఒడిలో పెట్టుకుని, కుట్లు విప్పడం మొదలుపెడతాడు. పేజీల తరబడి విప్పుతూనే ఉంటాడు. మొదట గుండీలు, తర్వాత మెడ పట్టీ, తర్వాత చేతులు. ఎంత శ్రద్ధగా కుట్టాడో అంత శ్రద్ధగా. ఆ గుడ్డతో బడి పిల్లలకు సంచులు కుడతాడు. యూరియా బస్తాలో పలక పెట్టుకుపోయే ఒక ఆడపిల్లకు మొదటిది ఇస్తాడు. అక్కడితో నవల అయిపోతుంది. బజారూ లేదు, లేచి నిలబడే జనమూ లేరు.

అప్పుడు అర్థమైంది. చాచాకు ఆ ముగింపు ఎప్పుడూ తెలియదు. మొట్టమొదటిసారి నోరు తెరిచి అడిగిన పిల్లకు తెల్వదు అని చెప్పలేక, ఫ్యాను వైపు చూస్తూ ఒకటి అల్లి చెప్పాడు. ఆ పేజీల కోసమే సిటీకి రెండుసార్లు ఫోన్ చేశాడు. సారు ఫోనులోంచి చదివినప్పుడు ఆయన విన్నది తన మాటలను నేను అమ్ముకున్నానని మాత్రమే కాదు. తన అబద్ధం ఊరూరా తిరుగుతోందని కూడా. దాన్ని అచ్చంగా నిజమని నమ్మి తిప్పుతున్నది నేను.

గడువు ఆ రోజే. తిరుగు బస్సు ఎర్రవల్లి దాటి హైవే ఎక్కింది. బీచుపల్లి వంతెన మీద కిటికీ పక్కనున్నవాళ్లు ఆంజనేయస్వామి గుడి వైపు చేతులు జోడించారు. ఒకామె కృష్ణలో రూపాయి వేయమని నా చేతికి ఇచ్చింది. వేసి, ఫోను తీసి, నాలుగో వాక్యం కొట్టేసి కొత్తది రాశాను. కోటు, కుట్లు, సంచి. చదివినవాళ్లు రాసిన వాక్యం. పెబ్బేరు రాకముందే "మార్పు ఆమోదించాము" అని సమాధానం వచ్చింది. ఒక మంచి పని చేసినట్టే అనిపించింది. ఇంకెవరూ ఆయన చెప్పిన దాన్ని తప్పని అనరు గదా అని.

వనపర్తిలో దిగి మూల మీదికి వచ్చేసరికి దుకాణం ముందు ఒక లారీ నిలబడి ఉంది. షట్టరు సగం దించి ఉంది. ఊరూరా తిరిగి పుస్తకాలను కిలోల లెక్కన అమ్మే కంపెనీ వాళ్లు ఇద్దరు, నేల మీద ఎలక్ట్రానిక్ కాంటా పెట్టుకుని ముందటి గైడ్లతో పాటు వెనక ర్యాకులు కూడా ఖాళీ చేస్తున్నారు. మార్టు వాళ్లు ఆ గదిని గోదాముకు తీసుకున్నారట. మూడు నాలుగు రోజులుగా మాట నడుస్తోందట. తల వంచుకుని దాటుతున్న నాకు ఎవరు చెబుతారు.

చాచీ తన స్టూలు మీద కూర్చుని కాంటా వైపు చూస్తోంది. లావు గైడ్లు పెట్టినప్పుడు అంకెలు గబగబా పెరుగుతున్నాయి. కథల పుస్తకాలు ఎన్ని పేర్చినా కదలడం లేదు.

"జర చూడు బేటీ, మీ చాచా పానం పెట్టుకున్నయి అన్నీ కలిపితే గొర్రె పిల్లంత బరువు లేవు" అంది చాచీ.

"గందుకే గద ఇన్నేండ్లు మోసిన" అన్నాడు చాచా. ఆయన ముందు భాగంలో ఉట్టి బల్ల వెనక, ఎప్పుడూ కూర్చునే చోటే కూర్చుని ఉన్నాడు.

ఆ వారంలోనే వాళ్లు జడ్చర్ల దగ్గర కూతురి ఊరికి వెళ్లిపోయారు. మళ్లీ రాలేదు, నేనూ పోలేదు. ఇప్పుడు అక్కడ మార్టు వాళ్ల నూనె డబ్బాల అట్టపెట్టెలు ఉంటాయి. మా సందు వాళ్లు మాత్రం ఆన్‌లైన్ అడ్రసులో ఇంకా "పుస్తకాల దుకాణం సందు" అనే రాస్తున్నారు. కొత్తగా వచ్చిన పార్సిలాయన ఎక్కడుంది దుకాణం అని వెతుక్కుంటాడు. నేను కంపెనీకి రాయడం మానేశాను. దానివల్ల ఎవరికీ ఏమీ కాలేదు, ఆ పని ఇంకెవరో చేస్తున్నారు.

లారీ వచ్చిన ఆ సాయంత్రం చేతి సంచిలోంచి కొత్త కాపీ తీసి బల్ల మీద పెట్టాను. ఆయన తీసుకోలేదు. కళ్లద్దాలు అప్పటికే సామానులో కట్టేశారట.

"నువ్వే చెప్పు" అన్నాడు.

"దర్జీ కోటు తొడుక్కోడు చాచా. కుట్లు విప్పుతడు. బడి పిల్లలకు సంచులు కుడ్తడు."

"ఎన్ని?"

"మూడు."

"ఒక్క కోటుల మూడు సంచులెల్తయా?"

"లోపలి గుడ్డ సుత కలిపి."

ఆయన చేత్తో గాలిలో కొలత వేసి చూసుకున్నాడు. "అవు, ఎల్తయి" అన్నాడు. వెనక ర్యాకు నుంచి ఆఖరి కట్ట కాంటా మీదికి వచ్చింది.

నేను చెప్పాల్సింది గొంతు దాకా వచ్చింది. డైరీలు, సంచి, కంపెనీ, వంతెన మీద కొట్టేసిన వాక్యం, అన్నీ. ఆరో తరగతి పిల్లల ముందు ఎట్లా నిలబడ్డానో అట్లాగే నిలబడ్డాను. ఆయన చాలాసేపు ఆగాడు. నేను అడిగిన మొదటి ప్రశ్నకు ఫ్యాను వైపు చూస్తూ ఆగినంతసేపు. తర్వాత పుస్తకాన్ని నా వైపు జరిపాడు.

"రాసినాయనది రాసినాయనకు ఉన్నది. దుకాణం పాయె, ర్యాకులు పాయె. గా ఫోన్ల నువ్వు రాసినవు గద, గదొక్కటే నాది మిగిలింది. దాన్ని మార్పియ్యకు బిడ్డా."